కథ, కెమెరా, దర్శకత్వం: మూడూ ఒక్కరే చేయవచ్చా?

మీ ప్రశ్నను ముందుగా నాకు అర్థమైన రీతిలో ఒకసారి చెప్పుకుంటాను. మీకు 26 ఏళ్లు. మూడేళ్లుగా పెళ్లిళ్లకు వీడియో తీస్తూ, మధ్యమధ్య వెబ్ సిరీస్‌లకు రెండో కెమెరా మీద పనిచేస్తూ, మిగిల్చుకున్న డబ్బుతో నాలుగు షార్ట్ ఫిల్ములు తీశారు. నాలుగింటికీ కథ, కెమెరా, దర్శకత్వం మీవే. ఇప్పుడు ఒక నిర్మాత మీ కథ విని చిన్న బడ్జెట్‌లో సినిమా తీద్దామన్నారు గానీ, కెమెరా మాత్రం వేరే వాళ్లకు ఇమ్మని పట్టుబడుతున్నారు. మూడూ నెత్తిన వేసుకోవడం పొరపాటా, ఒకటి వదులుకోవలసి వస్తే ఏది వదులుకోవాలి, ఈ మూడు పనుల మీద జీవితాంతం బతకగలనా అన్నవి మీ సందేహాలు.

సూటిగా చెబుతాను. మూడూ చేయవచ్చు, వాటి మీద బతకవచ్చు కూడా. అయితే మూడు పనులనూ ఒకే గంటలో చేయకూడదు. రాసే నెలల్లో మీరు రచయితగానే ఉండాలి. ఛాయాగ్రహణానికి సంబంధించిన నిర్ణయాల్లో నూటికి తొంభై వంతులు షూటింగు మొదలు కాకముందే పూర్తి కావాలి. సెట్టు మీద నటులు నిలబడి ఉన్నంతసేపూ మీరు దర్శకుడిగా మాత్రమే ఉండాలి. అందువల్ల తొలి సినిమాకు ఛాయాగ్రహణం బాధ్యత మీరే ఉంచుకోండి, లైటింగ్ మీరే నిర్ణయించండి, కానీ కెమెరాను చేత్తో నడిపే పనిని మాత్రం మీరు నమ్మిన ఒక అసోసియేట్ కెమెరామన్‌కు అప్పగించండి. మీ నిర్మాత చెప్పినదాంట్లో సగం నిజం ఉంది. ఆ సగం ఏమిటో తెలియడానికి నాకు ఒక సినిమా మొత్తం పట్టింది.

నేను 2001లో కెమెరా అసిస్టెంటుగా చేరాను. అప్పటికి ఇంకా ఫిల్ము మీదనే తీసేవారు. మ్యాగజైన్ (కెమెరాకు తగిలించే ఫిల్ము డబ్బా) లోడు చేయడం, లెన్సులు తుడవడం, టేపు పట్టి దూరం కొలవడం మొదటి నాలుగేళ్ల పని. 400 అడుగుల ఫిల్ము నాలుగున్నర నిమిషాలలోపే అయిపోయేది కనుక, టేకు చెప్పే ముందు దర్శకుడూ కెమెరామనూ కూడా తమకు ఏమి కావాలో తేల్చుకునేవారు. ఆ తరువాత పదకొండేళ్లు ఇతరుల సినిమాలకు, ప్రకటనలకు పనిచేసి, రెండు సినిమాలను నేనే రాసి, నేనే కెమెరా పెట్టి, నేనే దర్శకత్వం వహించాను. మూడో సినిమాకు కెమెరా వేరొకరికి ఇచ్చాను. కింద చెప్పేదంతా ఈ మూడింటి అనుభవం మీద ఆధారపడినదే.

మొదటి సినిమాలో ఒక సన్నివేశం ఉంది. కొడుకును పట్నం పంపడానికి డబ్బు కోసం తల్లి తన చనిపోయిన భర్త ట్రంకు పెట్టె తెరుస్తుంది. ఆ పాత్ర వేసినావిడ ముప్పై ఏళ్లు నాటకాల్లో నలిగిన మనిషి. కెమెరా నా భుజాన ఉంది. పెట్టె తెరిచి డబ్బు వెతుకుతున్న ఆవిడ చేయి ఒక పాత చొక్కా మీద క్షణకాలం ఆగి, దాని మడత సరిచేసి ముందుకు వెళ్లింది. అది నా స్క్రిప్టులో లేదు, నేను చెప్పలేదు. అంతకంటే ముఖ్యమైన సంగతి, నేను దాన్ని చూడనే లేదు. ఆ క్షణంలో నా కన్ను ఫ్రేము కుడి అంచున లోపలికి జరుగుతున్న, వెలుతురు మళ్లించడానికి పెట్టిన థర్మాకోల్ షీటు మీద ఉంది. టేకు కాగానే "అమ్మా, ఇంకొక్కటి" అన్నాను. రెండో టేకులో, మూడో టేకులో ఆవిడ ఎక్కడా తడబడలేదు, కానీ ఆ చేయి మళ్లీ ఆగలేదు. నేను వద్దన్నది ఆ ఆగడాన్నే అని ఆవిడ అనుకున్నారట. ఈ సంగతి ఎడిటింగ్ గదిలో మొదటి టేకు చూసినప్పుడు గాని నాకు తెలియలేదు. ఆ షాటును కొంత పెద్దదిగా చేసి, థర్మాకోల్‌ను అంచు అవతలికి నెట్టి వాడుకున్నాము. బొమ్మ కాస్త మెత్తబడింది. అయినా ఆ సినిమాలో నాకు అన్నిటికంటే ఇష్టమైన షాటు అదే.

మీరు కెమెరా వదలవలసిన పనిలేదని చెబుతూనే, వ్యూఫైండర్ (ఫ్రేము చూసుకోవడానికి కెమెరాకు ఉండే కంటి గొట్టం) వదలమని అంటున్నది ఇందుకే. ఫ్రేము చూసే కన్ను అంచులను కాపలా కాస్తుంది. అది దాని ధర్మం. తలపైన ఎంత ఖాళీ ఉంది, ఫోకస్ నిలిచిందా, ట్రాలీ కుదుపు వచ్చిందా, వెనకాల ఎవరి నీడైనా పడిందా అన్నవి అది చూస్తూనే ఉండాలి. నటుడిని చూసే కన్ను వేరు. ఆ కన్ను మధ్యలో ఉండాలి, ఊపిరి ఎక్కడ మారిందో చూడాలి. రెండూ ఒకే మనిషికి ఉండవచ్చు, ఒకే నిమిషంలో ఉండవు. నేను చాలామంది యువకులను చూశాను, వాళ్ల షార్ట్ ఫిల్ములలో బొమ్మ శుభ్రంగా ఉంటుంది, నటన మాత్రం అందరిదీ ఒకే స్థాయిలో, ఒకే శ్రుతిలో ఉంటుంది. మీరు పంపిన నాలుగింటిలో మూడింటిలో నాకు అదే కనిపించింది. నాలుగోది, బస్టాండులో తీసినది, భిన్నంగా ఉంది. దానిలో కెమెరా స్టాండు మీద కదలకుండా ఉందని, మీరు పక్కన నిలబడి చూశారని నా ఊహ.

మన చుట్టుపక్కల ఈ దారిలో నడిచినవారిని చూస్తే మూడు నాలుగు తీరులు కనిపిస్తాయి. అన్నిటికంటే ముందు చెప్పవలసినది బాలు మహేంద్ర గారి గురించి. శ్రీలంకలో పుట్టి, పూనా ఫిల్ము ఇన్‌స్టిట్యూట్‌లో ఛాయాగ్రహణం చదివిన ఆయన, 1974లో విడుదలైన 'నెల్లు' అనే మలయాళ చిత్రంతో కెమెరామన్‌గా మొదలయ్యారు. తొలిసారి దర్శకత్వం వహించిన కన్నడ చిత్రం 'కోకిల' 1977లో వచ్చింది. దానికి కెమెరా కూడా ఆయనదే, దానికే జాతీయ పురస్కారం వచ్చింది. మనకు 'వసంత కోకిల'గా తెలిసిన 1982 నాటి తమిళ చిత్రానికి రచన, ఛాయాగ్రహణం, దర్శకత్వం మూడూ ఆయనవే, దానికి మళ్లీ ఛాయాగ్రహణంలో జాతీయ పురస్కారం. తరువాత 'వీడు' వంటి చిత్రాలకు ఎడిటింగ్ కూడా తానే చేసుకున్నారు.

ఇంత వరకు అందరూ చెప్పేదే. నా దృష్టిలో అంతకంటే ముఖ్యమైనవి రెండు విషయాలు. ఒకటి, దర్శకుడు అయ్యాక కూడా ఆయన ఇతరులకు కెమెరా పెట్టడం మానలేదు. 'కోకిల' వచ్చిన తరువాతే బాపు గారి 'మనవూరి పాండవులు'కూ, విశ్వనాథ్ గారి 'శంకరాభరణం'కూ ఛాయాగ్రహణం చేశారు. మణిరత్నం గారి తొలి చిత్రం 'పల్లవి అనుపల్లవి'కి 1983లో కెమెరా పెట్టినది కూడా ఆయనే. అంటే మరొక దర్శకుడు ఆలోచించే పద్ధతిని దగ్గరుండి చూసే అవకాశాన్ని ఆయన పోనివ్వలేదు. రెండోది, మూడు పనులూ తన చేతిలో ఉంచుకున్న ఆ మనిషి సంగీతాన్ని మాత్రం 1980 నాటి తమిళ చిత్రం 'మూడుపని' నుంచి ఇళయరాజా గారికి అప్పగించారు, ఆ బంధం దశాబ్దాలు సాగింది. తాను చేయలేని పనికి తనకంటే గొప్పవాడిని పక్కన పెట్టుకున్నారు. ఆయనను తలచుకునేవాళ్లు ఈ రెండో విషయాన్ని మరిచిపోతుంటారు.

హిందీలో గోవింద్ నిహలానీ గారిది ఇంకొక తీరు. ఛాయాగ్రాహకులు వి.కె. మూర్తి గారి దగ్గర శిష్యరికం చేసి, శ్యామ్ బెనెగల్ గారి 'అంకుర్' మొదలుకొని వరసగా ఆయన చిత్రాలకు కెమెరా పెట్టారు. తెలంగాణ పల్లెలో తీసిన 'అంకుర్' ఇప్పుడు చూసినా ఆ పొలాల మీది వెలుతురు, ఆ ఇంటి వరండాలోని నీడ మన కళ్లకు తెలిసినవిగానే ఉంటాయి. 1980లో 'ఆక్రోశ్'తో దర్శకుడయ్యారు, కెమెరా తానే ఉంచుకున్నారు, కానీ రచనను నాటక రచయిత విజయ్ తెందూల్కర్ గారికి ఇచ్చారు. 'అర్ధసత్య'కు కూడా స్క్రీన్‌ప్లే తెందూల్కర్ గారిదే. ఇక మన తేజ గారు రామ్ గోపాల్ వర్మ గారి 'రాత్రి'కి ఛాయాగ్రాహకులు. 2000లో 'చిత్రం'తో దర్శకుడైనప్పుడు కెమెరాను రసూల్ ఎల్లోర్ గారికి అప్పగించారు. ఆ రసూల్ గారే 2003లో 'ఒకరికి ఒకరు'తో దర్శకులయ్యారు. ఫోటో జర్నలిస్టుగా మొదలై, మలయాళ చిత్రం 'తేన్మావిన్ కొంబత్' ఛాయాగ్రహణానికి జాతీయ పురస్కారం పొందిన కె.వి. ఆనంద్ గారు కూడా దర్శకుడయ్యాక తన కెమెరాను ఇతరులకే ఇచ్చారు. వీరిలో ఎవరి దారి సరైనది అన్న ప్రశ్నకు అర్థం లేదు. సినిమా పరిమాణం, నటుల సంఖ్య, రోజుకు తీయవలసిన సీన్లు ఎక్కువైనకొద్దీ కెమెరా వదిలినవారే ఎక్కువని మాత్రం గమనించండి. ఒక ఇల్లు, ముగ్గురు నలుగురు మనుషులు, సహజమైన వెలుతురు ఉన్న కథలకు కెమెరా ఉంచుకోవడం తేలిక. మీ కథ ఆ రెండో రకానికి చెందినది కనుకనే నేను మిమ్మల్ని వెనక్కి లాగడం లేదు.

ఇప్పుడు రచన సంగతి. కెమెరామన్ రాసే స్క్రిప్టుకు ఒక జబ్బు ఉంటుంది. అందమైన బొమ్మ ముందుగా మనసులోకి వస్తుంది, దానికి సరిపడేట్టు ఒక సన్నివేశం పుట్టుకొస్తుంది, ఆ సన్నివేశంలో ఎవరికీ ఏమీ జరగదు. నా రెండో సినిమాలో లంబసింగి మంచులో హీరో, అతని అన్న నడుచుకుంటూ పోయే సీను రాశాను. డిసెంబరు చలిలో, తెల్లవారుజామున మూడింటికి లేచి, మూడు రోజులు వరసగా తీశాము. మొత్తం షూటింగు 24 రోజులే. వచ్చిన బొమ్మ ఎంత బాగుందంటే, మొదటిసారి చూసిన అందరూ చప్పట్లు కొట్టారు. ఎడిటింగ్‌లో ఆ సీను తీసేసి చూస్తే కథలో చిన్న కుదుపు కూడా రాలేదు. చివరకు తీసేశాము. ఆ మూడు రోజులూ అన్నదమ్ముల గొడవ సీనుకు ఇచ్చి ఉంటే ఆ సినిమా వేరుగా ఉండేదని ఇప్పటికీ అనిపిస్తుంది.

దానికి నేను కనిపెట్టుకున్న మందు మన పరిశ్రమలోనే ఉంది. మన నిర్మాతలు, నటులు స్క్రిప్టు చదవడం కంటే కథ వినడానికే ఇష్టపడతారు. బయటివారు దీన్ని లోపంగా చెబుతారు, నేను మాత్రం రచయితకు ఇంతకంటే మంచి పరీక్ష లేదంటాను. రాసిన ప్రతి సీనునూ ఎవరికైనా ఫోనులో చెప్పండి. ఎదురుగా కూర్చుని చెబితే చేతులతో ఫ్రేము కడతారు, "అప్పుడు వెనక నుంచి వెలుతురు" అంటారు, అది వద్దు. ఫోనులో గొంతు మాత్రమే ఉంటుంది. అవతలివాళ్లు "ఊఁ" కొట్టడం ఆగి, "తరువాత?" అని అడిగితే ఆ సీను నిలిచినట్టు. మొదటి ప్రతిలో వెలుతురు గురించి, లెన్సు గురించి ఒక్క మాట కూడా రాయకండి. మాటల్లో చెప్పలేని, చూస్తే గాని తెలియని సన్నివేశాలు కూడా ఉంటాయి, వాటిని గుర్తు పెట్టుకుని లెక్కపెట్టండి. నా అనుభవంలో ఒక సినిమాకు అటువంటివి అయిదారుకు మించి ఉండవు. ఇరవై ఉంటే, వాటిలో పదిహేను మీరు మీ కెమెరా కోసం రాసుకున్నవని అనుమానించాలి.

స్క్రిప్టు పూర్తయ్యాక, షూటింగుకు ముందు, కెమెరామన్ కాలం మొదలవుతుంది. మూడూ ఒక్కరే అయితే కలిగే అసలైన లాభం ఇక్కడే ఉంది, దీన్ని వదులుకోమని ఎవరు చెప్పినా వినకండి. లొకేషన్ ఖరారు కాగానే అక్కడికి ఉదయం ఏడింటికి, పదింటికి, మధ్యాహ్నం ఒంటిగంటకు, సాయంత్రం నాలుగింటికి వెళ్లి, ఏ గదిలో ఏ వేళ ఎంత వెలుతురు ఉందో నోటుబుక్కులో రాసుకోండి. మన ఇళ్లు వాస్తు ప్రకారం ఎక్కువగా తూర్పు వాకిలితో, ఆగ్నేయంలో వంటగదితో ఉంటాయి. అందువల్ల హాలులోకి వాకిలి గుండా వచ్చే వెలుతురు ఉదయం తొమ్మిది తొమ్మిదిన్నర దాకా బాగుంటుంది, తరువాత గోడలు మసకబారతాయి. వంటగది సీన్లు పొద్దుటే తీయాలి. మే నెలలో మిట్టమధ్యాహ్నం మన దగ్గర సూర్యుడు దాదాపు నడినెత్తిన ఉంటాడు, కళ్లగుంటల్లో నల్లటి నీడ పడుతుంది, ఆ రెండు మూడు గంటలూ ఇంటి లోపలి సీన్లకు కేటాయించుకోవాలి. స్క్రిప్టు రాసింది మీరే కనుక, వెలుతురు కోసం సాయంత్రం సీనును ఉదయానికి మార్చితే కథకు దెబ్బ తగులుతుందో లేదో మీకు అప్పటికప్పుడు తెలుస్తుంది. వేరే కెమెరామన్ అయితే అడగాలి, రచయితను ఒప్పించాలి, నాలుగు సిట్టింగులు కావాలి. నా మొదటి సినిమాకు కో-డైరెక్టర్‌తో కలిసి సీన్ ఆర్డర్ (ఏ సీను ఎప్పుడు తీయాలన్న వరస) మొత్తం ఈ నోటుబుక్కు ముందు పెట్టుకుని వేశాను, ఆ సినిమాలో పెద్ద లైట్లు వాడింది నాలుగు రాత్రులు మాత్రమే.

టెస్టులు కూడా ఈ దశలోనే అయిపోవాలి. ఒక చిన్న ఉదాహరణ చెబుతాను. మన కరెంటు 50 హెర్ట్జ్. సెకనుకు 24 ఫ్రేములతో, 180 డిగ్రీల షటర్‌తో (ఒక్కో ఫ్రేము మీద వెలుతురు ఎంతసేపు పడాలో నిర్ణయించే కోణం ఇది) తీస్తే కొన్ని ట్యూబ్‌లైట్లు, చవక ఎల్ఈడీ బల్బులు తెర మీద మినుకుమినుకుమంటాయి. షటర్‌ను 172.8 డిగ్రీలకు పెడితే ఎక్స్‌పోజర్ సరిగ్గా సెకనులో యాభయ్యో వంతు అవుతుంది, చాలావరకు ఆ బాధ తీరుతుంది. ఇది పెళ్లిళ్ల అనుభవం వల్ల మీకు తెలిసే ఉంటుంది. కానీ లొకేషన్‌లోని ప్రతి బల్బునూ ముందే వెలిగించి, మీరు వాడబోయే కెమెరాతోనే తీసి చూసుకోకపోతే, షూటింగు రోజున నటులు మేకప్‌తో కూర్చుని ఉండగా మీరు నిచ్చెనెక్కి బల్బు మారుస్తుంటారు. అప్పుడు దర్శకుడు ఎక్కడ ఉన్నట్టు? డేటా గురించి కూడా అంతే. 4కేలో ప్రోరెస్ 422 హెచ్‌క్యూ అనే వీడియో ఫార్మాట్‌లో తీస్తే గంటకు సుమారు 320 జీబీ అవుతుంది. దాన్ని ప్రతి రాత్రీ మూడు చోట్ల దాచే బాధ్యత ఒక మనిషికి జీతమిచ్చి అప్పగించండి, అది మీ పని కాదు.

ఇక సెట్టు. అసోసియేట్ కెమెరామన్, ఫోకస్ పుల్లర్ (టేకులో ఫోకస్ నిలిపే మనిషి), లైట్‌మెన్లలో అనుభవమున్న ఒక పెద్దాయన, ఈ ముగ్గురిని ఎంచుకోవడానికి నటులను ఎంచుకున్నంత సమయం తీసుకోండి. అసోసియేట్‌గా మీకంటే బాగా ఫ్రేము పెట్టగలిగిన వాడినే తెచ్చుకోండి, భయపడకండి. పొద్దున్నే మొదటి షాటుకు ముందు అరగంట ఆ ముగ్గురితో కూర్చుని రోజు మొత్తం లైటింగ్ చెప్పేయండి. ఫ్రేము మీరే పెట్టండి, రిహార్సల్‌లో వ్యూఫైండర్‌లో చూడండి. "టేక్" అన్నాక కెమెరా పక్కన, నటుడి చూపు అందే దూరంలో నిలబడండి. మానిటర్ వెనక గుడారంలో కూర్చోకండి, అక్కడ కూర్చుంటే మళ్లీ అంచులే చూస్తారు. టేకు అయ్యాక ముందు నటుడితో మాట్లాడండి, ఆ తరువాతే కెమెరా వైపు తిరగండి. ఈ వరస చిన్నదిగా కనిపిస్తుంది గానీ, యూనిట్ మొత్తానికి ఈ సెట్టులో ఏది ముఖ్యమో దానితోనే అర్థమవుతుంది. నా రెండో సినిమాలో ఇది పాటించాను. ఆపరేటింగ్ చేసిన కుర్రాడు రెండు వారాలకు నా కంటే ముందే షాటు ఊహించేవాడు.

దీనికి మినహాయింపు లేకపోలేదు. డాక్యుమెంటరీ అయినా, నటులు కాని మామూలు మనుషులతో వాళ్ల ఇళ్లలోనే తీసే కథ అయినా, యూనిట్ ఎంత చిన్నదైతే అంత మేలు. మగ్గం ముందు కూర్చున్న నేత కార్మికుడి ఎదుట పదిమంది నిలబడితే ఆయన మాట్లాడే తీరే మారిపోతుంది. అక్కడ కెమెరా మీ చేతుల్లోనే ఉండాలి, సౌండ్ చూసేవాళ్లు ఒకరు చాలు.

ఎడిటింగ్ మాత్రం మీరు చేయకండి. బాలు మహేంద్ర గారు చేసుకున్నారని మీరు అనవచ్చు. ఆయన అప్పటికి చాలా సినిమాలు దాటి వచ్చారు. ఒక షాటు కోసం మీరు పడ్డ కష్టం మీకు తెలుసు, ఎడిటర్‌కు తెలియదు. ఆ తెలియకపోవడమే మీకు కావలసింది. లంబసింగి మంచును కోసేసింది నా ఎడిటరే, నేనైతే కోసి ఉండేవాణ్ణి కాదు.

బతుకుతెరువు గురించి అడిగారు కనుక నిర్మొహమాటంగా చెబుతాను. ఈ మూడు పనుల్లో కెమెరా రోజు లెక్కన డబ్బిస్తుంది. రచన ఆలస్యంగా, అడిగితే గాని ఇవ్వదు. దర్శకత్వం ఎప్పుడో ఒకసారి ఇస్తుంది, రెండు సినిమాల మధ్య మూడు నాలుగేళ్లు గడిచిపోవడం మామూలే. నా మొదటి రెండు సినిమాల మధ్య అయిదేళ్లు పట్టింది. ఆ అయిదేళ్లూ ప్రకటనలు, ఇతరుల సినిమాలు, ఒక టీవీ సీరియల్ నా ఇంటిని నడిపాయి. అందువల్ల దర్శకుడు అయ్యాక కెమెరా పని చిన్నతనంగా భావించకండి. "డైరెక్టర్ అయ్యాడు, ఇక మనకు కెమెరా పెట్టడులే" అన్న మాట ఫిలింనగర్‌లో చాలా త్వరగా పాకుతుంది. మీరే నలుగురికి ఫోను చేసి, కెమెరా పనికి సిద్ధంగానే ఉన్నానని చెప్పుకోవాలి. పెళ్లిళ్లు కూడా ఇప్పుడే మానకండి. మళ్లీ తీయడానికి వీలులేని క్షణాన్ని ఒక్కసారిలో పట్టుకోవడం అక్కడ నేర్చుకున్నంతగా ఇంకెక్కడా నేర్చుకోలేరు. జీలకర్ర బెల్లం పెట్టేటప్పుడు రెండో టేకు ఉండదు కదా.

చదువు గురించి మీరు ఒక్క వాక్యమే అడిగారు, నేనూ క్లుప్తంగానే చెబుతాను. పూనా, కోల్‌కతా ఇన్‌స్టిట్యూట్‌లలో సీటు వస్తే వెళ్లండి. రాకపోతే దానికోసం ఏళ్లు పోగొట్టుకోకండి, మీ చేతిలో ఇప్పటికే ఒక సినిమా ఉంది.

ఒప్పందం విషయంలో మాత్రం తొందరపడవద్దు. నా మొదటి సినిమాకు మూడు పనులకూ కలిపి ఒకే కాగితం మీద, ఒకే మొత్తానికి సంతకం పెట్టాను. ఆ సినిమా తరువాత మరో భాషకు అమ్ముడుపోయినప్పుడు రచయితగా నాకు పైసా రాలేదు, అడిగితే ఆ కాగితం చూపించారు. 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం సినిమాకు కర్త నిర్మాతే, దర్శకుడూ కాదు, కెమెరామనూ కాదు. స్క్రిప్టు మాత్రం విడిగా సాహిత్య రచన, దానికి కర్త రచయితే. కాబట్టి మూడు పనుల్లో మీకంటూ హక్కు మొదలయ్యేది రచనలోనే. హక్కుల బదిలీ రాతపూర్వకంగా, సంతకంతో ఉంటేనే చెల్లుతుంది. అందులో కాలపరిమితి రాయకపోతే అయిదేళ్లుగా, ప్రాంతం రాయకపోతే భారతదేశం వరకే ఉన్నట్టుగా చట్టం భావిస్తుంది. బదిలీ చేయించుకున్నవారు ఏడాదిలోగా ఆ హక్కును వాడుకోకపోతే, ఒప్పందంలో వేరే విధంగా రాసుకుని ఉండకపోతే, అది రద్దయిపోతుంది. మన దగ్గర ఒప్పందాల్లో "శాశ్వతంగా, ప్రపంచమంతటా" అని ముందే అచ్చు వేసి ఉంటుంది, ఆ రెండు మాటల దగ్గర ఆగి మాట్లాడండి. రచనకు ఒకటి, దర్శకత్వానికి ఒకటి, ఛాయాగ్రహణానికి ఒకటి, మూడు వేర్వేరు ఒప్పందాలు అడగండి. రీమేకు, డబ్బింగు, సీక్వెల్ హక్కుల గురించి రచన ఒప్పందంలోనే తేల్చుకోండి. కథను తెలుగు సినీ రచయితల సంఘంలో నమోదు చేయించాకే ఇంకొకరికి చెప్పండి. సంతకానికి ముందు ఒక న్యాయవాదికి చూపించడానికి అయ్యే ఖర్చును లెన్సు అద్దెలా భావించండి.

చివరిగా, మీ నిర్మాత గారికి ఏమి చెప్పాలన్నది. వాదించవద్దు. ఆయన భయం మీ కెమెరా పనితనం గురించి కాదు, రోజులు పెరుగుతాయేమోనని. ఒక్కరే అన్నీ చేస్తే పనులు నెమ్మదిస్తాయని ఆయన ఎక్కడో చూసి ఉంటారు. షూటింగుకు నెలరోజుల ముందు ఒక్కరోజు టెస్టు షూటుకు ఒప్పించండి. స్క్రిప్టులోంచి రెండు సీన్లు తీసుకోండి, ఒకటి ఇద్దరు మాట్లాడుకునేది, ఒకటి నలుగురు కదిలేది. అసలు లొకేషన్, అసలు నటులు, అసోసియేట్ కెమెరామన్ చేతిలో కెమెరా, మీరు పక్కన. ఉదయం ఆరింటి కాల్‌షీటుతో మొదలుపెట్టి సాయంత్రానికి రెండు సీన్లూ ముగించండి, ఎన్ని షాట్లు అనుకున్నారో, ఎన్ని తీశారో కో-డైరెక్టర్ చేత రాయించండి. ఎడిటర్ కోసిన సీన్లనూ ఆ కాగితాన్నీ కలిపి ఆయన ముందు పెట్టండి. నలుగురు మనుషుల సీను గనుక ఆ రోజు పూర్తి కాకపోతే, ఆయన మాట విని కెమెరాను పూర్తిగా వేరొకరికి ఇవ్వండి. ఆ వచ్చేవారికి మీ వెలుతురు నోటుబుక్కు మాత్రం తప్పకుండా అందజేయండి.